ఆది జాకెట్టు

నేను సినిమా నటిని. ఈ మాట అనగానే ఎదుటివాళ్ళు నా మొహంలోకి ఒకసారి, గోడమీద ఫొటోల్లోకి ఒకసారి చూస్తారు. రెండుచోట్లా ఆధారం దొరక్క "ఏ సినిమాలోనండీ?" అని అడుగుతారు. నేను పేర్లు చెబుతాను. వాళ్ళు "ఓహో" అంటారు. "నాకు తెలియదు" అనే సంగతిని అంత మర్యాదగా చెప్పే మాట తెలుగులో ఇంకొకటి లేదు.

నా అసలు పేరు బుల్లెమ్మ. మాది చల్లపల్లికి దిగువన, అవనిగడ్డ వెళ్ళే దారిలో కాలవ గట్టున ఉన్న ఊరు. ఇరవై ఏళ్ళు నిండకుండానే విజయవాడలో ఒక నాటక సమాజంలో చేరి, అక్కణ్ణించి మద్రాసు రైలెక్కాను. నా కళ్ళు పెద్దవి. కళ్ళు పెద్దవైతే హీరోయిన్ అవుతారని ఎవరో చెప్పారు. కళ్ళు పెద్దవైతే ఎదుటివాళ్ళ బట్టలు బాగా కనిపిస్తాయని మాత్రం ఎవరూ చెప్పలేదు.

మద్రాసులో నా మొదటి నిర్మాత బుల్లెమ్మ అన్న పేరు వినగానే తలపట్టుకుని, చారుహాసిని అని మార్చాడు. అందమైన నవ్వు గలది అని అర్థం. ఆ పేరే నా కొంప ముంచింది. నాకు వచ్చినవన్నీ ఏడ్చే వేషాలు. హీరో చెల్లెలు, హీరోయిన్ పక్కింట్లో దిక్కులేని ఆడపడుచు, విలన్ వదిలేసిన భార్య. నాకా, ఏడుపు వచ్చేది కాదు. గ్లిజరిన్ వేస్తే తుమ్ములు వచ్చేవి. కెమెరా తిరగడం మొదలవగానే పెదవి ఒకవైపుకి లాగి, ఏడుస్తున్నానో నవ్వు ఆపుకుంటున్నానో తెలియని మొహం ఒకటి తయారయ్యేది. ఒక వారపత్రికలో "చెల్లెలి పాత్రధారిణి అన్న చావుకి లోలోపల సంతోషిస్తున్నట్టుంది" అని రాశారు. నా నటన గురించి అచ్చులో వచ్చిన వాక్యం అదొక్కటే.

ఏడుపు రాదని తెలిశాక ఒక దర్శకుడు నాకు శవం వేషం ఇచ్చాడు. హీరోయిన్ తల్లి శవం. హీరోయిన్ కంటే నేను చిన్నదాన్ని, అయినా శవానికి వయసేమిటని పడుకోబెట్టేశారు. హీరోయిన్ నామీద పడి ఏడుస్తోంది. నేను రెప్పల సందులోంచి చూస్తే ఆమె కుచ్చిళ్ళు కుడివైపుకి తిరిగి ఉన్నాయి. అంతకుముందు తీసిన షాటులో ఎడమవైపుకి ఉన్నాయి. ఊరుకోవచ్చు కదా. శవానికి అంతకంటే ఏం పని? "అమ్మా, మీ కుచ్చిళ్ళు" అని గొణిగాను. హీరోయిన్ కెవ్వున కేకేసి వెనక్కి పడింది. పడ్డచోట లైటు స్టాండు ఉంది. దర్శకుడు నన్ను లేపి, బయటికి దారి చూపించాడు.

బయట మెట్లమీద కూర్చుని ఉంటే, కాస్ట్యూమ్స్ చూసే బసవపున్నయ్యగారు వచ్చి పక్కన నిలబడ్డారు. గుడివాడ వైపు మనిషి, మెడలో ఎప్పుడూ టేపు వేలాడుతూ ఉండేది.

"కళ్ళు మూసుకుని కుచ్చిళ్ళు చూశావా?" అన్నారు.

"సగం మూసుకున్నానండీ."

"రేపట్నించి పూర్తిగా తెరుచుకుని మా రూముకి రా. నీకు నటన రాదమ్మాయ్. ఆ ముక్క చెప్పేవాళ్ళు లేక ఇన్నాళ్ళు బాధపడ్డావు."

అలా నేను బట్టలవైపు వచ్చాను. చాలా ఏళ్ళు చేశాను. రాణులకీ దాసీలకీ, పోలీసులకీ దొంగలకీ కుట్టించాను. తెరమీద పేరు ఎప్పుడూ వేగంగా వెళ్ళిపోయేది, అందులోనూ "చారుహాసి" దగ్గర అక్షరాలు తెగిపోయేవి. నాకు పెళ్ళి కూడా అయింది. ఆయన ఎడిటింగులో పనిచేసేవాడు, మితభాషి. నా మాటలు కత్తిరించలేని ఎడిటర్ ఆయనొక్కడే. ఆయన పోయాక, సినిమావాళ్ళంతా హైదరాబాదు వెళ్ళిపోయాక, నేను ట్రంకుపెట్టెలతో విజయవాడ వచ్చి భవానీపురంలో మేడమీద రెండు గదులు తీసుకుని డ్రస్సుల షాపు పెట్టాను. నాటకాల కిరీటాలు, కూచిపూడి పిల్లలకి విసనకర్రలా విచ్చుకునే కుచ్చిళ్ళ డ్రస్సులు, స్కూళ్ళ వార్షికోత్సవాలకి కావలసినవన్నీ నా దగ్గర దొరుకుతాయి. ఆగస్టు నెలలో మా మెట్లు దిగి వెళ్ళే భరతమాతల్ని లెక్కపెట్టడం కష్టం. తిరిగొచ్చేటప్పుడు కిరీటాలకి పెరుగన్నం అంటి ఉంటుంది.

షాపు పెట్టిన ఏడాదే మార్త నా దగ్గర మిషను మీద కూర్చుంది. ఇప్పుడు ఆమెకి అరవై దగ్గర పడుతోంది. నాకంటే చిన్నదే అయినా జుట్టు నాకంటే ముందే తెల్లబడింది, అది దాచాలన్న ఆలోచన ఆమెకి ఎప్పుడూ రాలేదు. మా సందు చివరి చర్చిలో ప్రతి క్రిస్మస్‌కీ హేరోదు రాజు వేషం మార్తదే. మగవాళ్ళలో ఎవరికీ ఆ గొంతు లేదని పాస్టరుగారే ఒప్పుకున్నారు. "పసిబిడ్డలందరినీ సంహరించండి!" అని మార్త చెయ్యెత్తి అరిస్తే ముందు వరసలో పిల్లలు నిజంగానే గోల పెడతారు. కిరీటం మాత్రం నా షాపులోదే. దుర్యోధనుడికీ హేరోదుకీ ఒకటే కిరీటంతో నెట్టుకొస్తున్నాం.

ఇలా ఉండగా పోయిన ఏడు వర్షాలు వెనకబట్టాక ఒక అమ్మాయి మా మెట్లెక్కి వచ్చింది. పేరు అక్షయ. ముప్పై లోపే ఉంటుంది.

"చారుహాసినిగారంటే మీరేనా అండీ?"

ఆ పేరుతో నన్ను పిలిచి ఎన్నేళ్ళయిందో. కరెంటు బిల్లు కూడా బుల్లెమ్మ పేరుమీదే వస్తుంది. నేను వెంటనే వీపు నిటారుగా పెట్టాను.

"మీరు సినిమాల్లో చేశారంట కదండీ."

"ఏదో, చేశాం," అన్నాను. ఆ బహువచనం నాకు తెలియకుండానే వచ్చేసింది.

"నేను సినిమా తీస్తున్నానండీ. చిన్నదే. డెబ్బై ఏడు తుఫాను అయ్యాక దివిసీమలో ఒక రిలీఫ్ క్యాంపులో జరిగే కథ. అప్పటి బట్టల గురించి మీకంటే తెలిసినవాళ్ళు ఇటువైపు లేరని చెప్పారు."

"బట్టలా," అన్నాను. వీపు మళ్ళీ వంగింది.

"ఇంకో సంగతండీ. కథంతా ఒక ముసలావిడ చుట్టూ తిరుగుతుంది. నాంచారమ్మ అని."

"ఎవరు వేస్తున్నారు?"

అక్షయ నవ్వింది. నవ్వుతూ నావైపు చూసింది. "ఇప్పుడే చెప్పనండీ. నాకు యాక్టింగ్ తెలిసినవాళ్ళు వద్దు. మామూలు మనిషి కావాలి. ముందే చెబితే అద్దం ముందు ప్రాక్టీసు చేసి పాడైపోతారు. షూటింగ్ రోజు చెప్తా."

"మరి ఆవిడ జాకెట్టుకి కొలతలు?"

"కొలతలు మీకు తెలీకపోవడమేంటండీ! రోజూ చూసే మనిషేగా," అంది. మళ్ళీ అదే చూపు, అదే నవ్వు.

నా వెనక మార్త మిషను తొక్కుతోంది. ఆ సంగతి నాకు తట్టాలి. తట్టలేదు. రోజూ నేను తీరిగ్గా చూసేది అద్దంలో నన్నే.

యాక్టింగ్ తెలియని మనిషి అనేసరికి ఒక్క క్షణం రోషం వచ్చింది. తర్వాత నా సినిమాలు గుర్తుకొచ్చి, ఈ పిల్ల పాపం నిజంగానే అవి చూసి వచ్చినట్టుంది అనుకున్నాను. నటన రాని ముసలావిడ కావాలంటే కృష్ణాజిల్లాలో నాకంటే అర్హులెవరు?

ఆ రోజునుంచి నేను కాఫీలో పంచదార మానేశాను. పొద్దున్నే పున్నమి ఘాట్ దాకా నడిచాను. వచ్చాక అద్దం ముందు కూర్చుని నటించకుండా ఉండటం ప్రాక్టీసు చేశాను. అంటే మొహంలో ఏమీ లేకుండా, ఎటో చూస్తూ, చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చోవడం. మార్త నాలుగైదుసార్లు నన్ను తొంగి చూసి, చివరికి ఆగలేక "నడుం పట్టేసిందా అండీ?" అని అడిగింది.

బట్టల పని మాత్రం శ్రద్ధగానే చేశాను. ఆ ఒక్కటీ నాకు అశ్రద్ధగా చెయ్యడం రాదు. పెడన నుంచి ముతక నేత చీరలు తెప్పించి, టీ డికాక్షన్‌లో ముంచి, సున్నపు నీళ్ళలో ఉతికి, మేడమీద గరుకు గోడకేసి రుద్దాం. క్యాంపులో జనానికి రకరకాల పాత జాకెట్లు సిద్ధం చేశాం. చివరికి నాంచారమ్మ జాకెట్టు మిగిలింది.

బీరువా అడుగునుంచి నా ఆది జాకెట్టు తీసి మార్తకిచ్చాను. కొలతకి ఇచ్చే జాకెట్టు ఒంటికి సరిపోయేదై ఉండాలి. నేను ఇచ్చింది నేను విజయవాడ వచ్చిన కొత్తల్లోది. పంచదార మానేశాను కదా, షూటింగ్ నాటికి అందులోకి దిగిపోతానని నా లెక్క.

మార్త దాన్ని చేతుల్లో సాగదీసి చూసి, తర్వాత నన్ను పైనుంచి కిందికి చూసింది.

"ఇదేనా అండీ ఆది?"

"అదే."

"పక్కల్లో లోపలికి కొంచెం గుడ్డ వదలమంటారా? ఎందుకైనా మంచిది."

"అక్కర్లేదు. సరిగ్గా పడుతుంది."

"ఎవరికి?"

"పాత్రకి," అన్నాను గంభీరంగా.

షూటింగ్ చల్లపల్లి అవతల, మూతపడిన ఒక బియ్యం మిల్లులో. మార్తా నేనూ పెట్టెలతో వ్యానులో బయలుదేరాం. ఉయ్యూరు దగ్గర చెరుకు లారీల వెనక ఇరుక్కుని, పామర్రు, కూచిపూడి దాటి, ఎండ ఎక్కాక చేరాం. నేను మొహానికి పౌడరు రాయలేదు. రాయలేదని తెలియడానికి కొంచెం రాశాను. మిల్లులో అందరికీ బట్టలు తొడిగించి, తలలు చెరిపి, కాలవ మట్టి పూసి, వరసగా కూర్చోబెట్టాం. అప్పుడు అక్షయ మధ్యలోకి వచ్చి నిలబడింది.

"అందరూ వినండి. మన నాంచారమ్మ ఎవరో ఇప్పుడు చెప్తున్నా. రోజూ మన కళ్ళముందే ఉన్నా మనం చూడని మనిషి..."

నేను లేచి నిలబడ్డాను.

"...మార్త ఆంటీ!"

లేచినదాన్ని ఏం చెయ్యాలో తెలియక చప్పట్లు కొట్టాను. అందరికంటే ముందు చప్పట్లు కొట్టింది నేనే. నా పెద్ద మనసుని కెమెరామన్ చాలా మెచ్చుకున్నాడని తర్వాత తెలిసింది.

మార్త ఏమీ తొణకలేదు. "డైలాగులు ఎన్నండీ?" అంది.

"ఈ సీనులో రెండే ఆంటీ."

"రెండేనా?" అంది నీరసంగా.

అక్షయ నా దగ్గరికి వచ్చి రహస్యంలా చెప్పింది. "ఆ రోజు మీ షాపులోకి రాగానే మిషను మీదికి వంగిన ఆవిడ వీపు చూశానండీ. అంతే, నాంచారమ్మ దొరికేసింది అనుకున్నా. మీరు భలే కనిపెట్టారు కదా అప్పుడే!"

"నాకు తెలీకపోతే ఎలా," అన్నాను. ఆ మాట అంటున్నప్పుడు నా మొహంలో ఏ భావమూ లేదట. ప్రాక్టీసు వృథా పోలేదు.

సీను ఇది. తుఫానులో సర్వం పోయిన నాంచారమ్మ క్యాంపులో గోడవారగా కూర్చుని ఉంటుంది. ఆమె చెల్లెలు ఊళ్ళన్నీ వెతుక్కుంటూ వచ్చి ఎదురుగా నిలబడుతుంది. నాంచారమ్మ "వచ్చావా" అనాలి. చేత్తో చెల్లెలి మొహం తుడిచి "అన్నం తిన్నావా" అనాలి. అంతే.

రిహార్సల్ మొదలైంది. చెల్లెలి వేషం వేసే ఆవిడ వచ్చి నిలబడింది. మార్త దిగ్గున లేచి, కుడిచెయ్యి ఆకాశానికెత్తి, "వచ్చావా!" అంది. మిల్లు రేకుల కింద పావురాలన్నీ ఒక్కసారిగా లేచిపోయాయి. చెల్లెలు రెండడుగులు వెనక్కి వేసింది.

"ఆంటీ, నెమ్మదిగా... మామూలుగా, ఇంట్లో మాట్లాడినట్టు," అంది అక్షయ.

"ఇంట్లో ఇట్టాగే మాట్లాడతానమ్మా," అంది మార్త. అది నిజమే.

రెండోసారి రెండు చేతులూ ఎత్తింది. మూడోసారి అన్నం తిన్నావా అని అడిగితే, తినలేదని చెప్పడానికి ఎవరికైనా భయం వేస్తుంది. అక్షయ మొహం పాలిపోయింది. నా లోపల ఎక్కడో చిన్న దీపం వెలిగింది, అబద్ధం చెప్పను. దగ్గరికి వెళ్ళి "నేనొకసారి చేసి చూపించనా?" అన్నాను. అక్షయ వినిపించుకోలేదు. వినిపించుకోలేదనే నేను అనుకుంటున్నాను.

"ముందు ఆవిడకి కాస్ట్యూమ్ వెయ్యండి. కాసేపాగి చూద్దాం," అంది.

మార్తని మిల్లు వెనక గదిలోకి తీసుకెళ్ళాను. జాకెట్టు తీసి పట్టుకున్నాక గాని నేను చేసిన నిర్వాకం నాకు కళ్ళకి కట్టలేదు. ఒక చెయ్యి దూరింది. రెండో చెయ్యి దూర్చడానికి ఇద్దరం గోడకి ఆనుకోవలసి వచ్చింది. హుక్కులు ఒకదాని మొహం ఒకటి చూడలేదు. పక్కలు విప్పుదామంటే లోపల గుడ్డ లేదు. ఇంకోటి వేద్దామంటే మిగతా జాకెట్లన్నీ బయట జనం ఒంటిమీద ఉన్నాయి. మార్తని ఊపిరి బిగబట్టమని చెప్పి, మోకాలు అడ్డం పెట్టి, మొత్తానికి హుక్కులు పెట్టాను.

"ఊపిరాడటం లేదండీ," అంది మార్త. ఆమె గొంతు అంత సన్నగా నేనెప్పుడూ వినలేదు.

"కొంచెం ఓర్చుకో," అన్నాను.

చీర చుట్టి బయటికి పంపాను. చేతులు ఒంటికి అంటుకుపోయి, భుజాలు ముందుకి వంగి, ఎక్కడ కుట్టు పిగులుతుందోనని చిన్న చిన్న అడుగులు వేసుకుంటూ వెళ్ళి, మార్త గోడవారగా కూర్చుంది. అక్షయ దగ్గరికి వెళ్ళి ఆ బిగిసిన చేతుల్ని చూసింది. తర్వాత నావైపు తిరిగింది.

"మేడమ్, ఆ జాకెట్టు... ఆవిడది కాదు కదా?"

దొరికిపోయాననుకున్నాను. "కాదు," అన్నాను.

"దానం బట్టల్లో వచ్చింది కదా! ఎవరో పట్నం ఆవిడ ఇచ్చేసిన జాకెట్టు. ఉన్నదంతా పోయి, ఎవరి కొలతల్లోనో ఇరుక్కుని కూర్చుంది. నేను స్క్రిప్టులో కూడా ఇది ఆలోచించలేదు మేడమ్! ఎట్లా తట్టిందండీ మీకు?"

"ఏదో, అనుభవం," అన్నాను. చేతికి అందిన పొగడ్తని వదులుకోవడం మద్రాసులో నాకెవరూ నేర్పలేదు.

టేక్ మొదలైంది. నేను కెమెరా వెనక, సౌండ్ చూసే కుర్రాడి కుర్చీ పక్కన నిలబడ్డాను. చెల్లెలు వచ్చింది. మార్త తలెత్తి చూసింది. "వచ్చావా," అంది. అరవడానికి లోపల గాలి లేదు. మాట పెదవుల దగ్గర తెగిపోయినట్టు వచ్చింది. చెల్లెలు ఎదురుగా కూలబడింది. మార్త ఆ మొహం తుడవడానికి చెయ్యి ఎత్తింది. చెయ్యి సగం దాకా లేచి, చంక దగ్గర బట్ట పట్టేసి, ఆగిపోయింది. ఆమె తన చెయ్యివంక ఒకసారి చూసుకుంది, అది తనది కానట్టు. తర్వాత తనే ముందుకి వంగి, తన చెంపతో చెల్లెలి చెంప తుడిచింది.

నాకు మా అమ్మ కనిపించింది.

డెబ్బై ఏడు తుఫాను వచ్చినప్పుడు నేను మద్రాసులో బసవపున్నయ్యగారి దగ్గర ఉన్నాను. రైల్లో విజయవాడ వచ్చి, రోడ్డు ఉన్నంతవరకూ బస్సులోనూ లారీలోనూ వెళ్ళి, లేనిచోట బురదలో నడిచి, అవనిగడ్డ దగ్గర ఒక బడి షెడ్డులో అమ్మను పట్టుకున్నాను. నాన్న నీళ్ళలో పోయాడు. అమ్మ గోడవారగా కూర్చుని ఉంది. ఒంటిమీద ఎవరిదో మెరుపు గుడ్డ జాకెట్టు, పట్నం కత్తిరింపు, చేతులు పట్టేస్తున్నాయి. నన్ను చూసి దగ్గరికి తీసుకోబోయింది. చెయ్యి లేవలేదు. "చెయ్యి పైకి రావట్లేదే, ఇదెవరిదో," అంది అమ్మ. తండ్రి పోయిన కూతురు చెయ్యవలసింది ఏడవడం. నేను పిన్నీసు తీసి అమ్మ చంక కింద కుట్టు విప్పడం మొదలుపెట్టాను. రెండువైపులా విప్పాను. అప్పుడు అమ్మ చేతులు నా చుట్టూ వేసింది. అప్పుడూ నాకు ఏడుపు రాలేదు.

ఆ జాకెట్టును నేను మరిచిపోయానని కాదు. కాని ఈ జాకెట్టు కుట్టించిన రోజుల్లో అది ఒక్కసారైనా నా మనసులోకి రాలేదు. అప్పుడు నా మనసులో ఉన్నది నా నడుము. అమ్మ, నాన్న, తుఫాను, వీటన్నిటికీ అడ్డంగా నా నడుమే ఉంది.

బియ్యం మిల్లులో, ఇన్నేళ్ళ తర్వాత, నా గొంతులోంచి ఒక వింత శబ్దం వచ్చింది. మొదట అది నాదని నాకు తెలియలేదు. రెండోది ఇంకా పెద్దగా వచ్చింది.

"కట్! ఎవరది?" అంది అక్షయ.

అందరూ వెనక్కి తిరిగారు. నేను మొహం చీరకొంగులో దాచుకుని వెక్కి వెక్కి ఏడుస్తున్నాను. జీవితంలో మొదటిసారి షూటింగులో నిజంగా ఏడ్చాను. కెమెరా అటువైపు తిరిగి ఉంది.

సౌండ్ కుర్రాడు మర్యాదగానే నన్ను బయట కూర్చోమన్నాడు. శవంగా చెడగొట్టాను, మనిషిగానూ చెడగొట్టాను అనుకుంటూ వెళ్ళి కాలవ గట్టున కూర్చున్నాను. లోపల మళ్ళీ తీశారు. ఈసారి ఏ శబ్దమూ లేదు. కాసేపటికి మార్త ఆ జాకెట్టుతోనే వచ్చి నా పక్కన, వంగడం కుదరక, నిటారుగా కూర్చుంది.

"బాగా వచ్చిందంటండీ," అంది.

"తెలుసు. చూశాగా."

"మీరెందుకు ఏడ్చారండీ? వేషం నాకిచ్చారనా?"

"కాదే," అని అమ్మ సంగతి చెప్పాను. మార్త గడ్డంతో కాలవ అవతలి గట్టు చూపించింది.

"అప్పుడు మేమూ ఇటువైపే ఉన్నామండీ. చర్చిలో బట్టలు పంచారు. నాకొక గౌను ఇచ్చారు, ఎవరో దొరసానిది కాబోలు. అందులో నేనూ మా చెల్లీ ఇద్దరం పట్టేవాళ్ళం. ఇద్దరం ఒకే గౌనులోంచి రెండు తలలు పెట్టి తిరిగేవాళ్ళం." నవ్వబోయి, కుట్లు గుర్తొచ్చి ఆగింది.

"మార్తా, ఈ జాకెట్టు ఉంది చూశావూ, నిజానికి ఇది నేను..."

"మీకోసం కుట్టించుకున్నారు. అది మీ ఆదే కదండీ. ముప్పై ఏళ్ళుగా మీ జాకెట్లు కుట్టేది ఎవరనుకున్నారు?"

"మరి ఆ రోజే అనొచ్చుగా!"

"అన్నాగదండీ, లోపల గుడ్డ వదలమంటారా అని." తర్వాత నన్ను పైనుంచి కిందికి చూసి, "అది మీకూ పట్టదండీ. మీకైతే ఆ రెండో చెయ్యి కూడా దూరదు," అంది.

షూటింగ్ ఇంకా వారం రోజులు జరిగింది. సీన్లు అతకాలి కాబట్టి మార్త రోజూ ఆ జాకెట్టే తొడుక్కుంది. నేను రోజూ మోకాలు అడ్డం పెట్టి హుక్కులు పెట్టాను. మధ్యాహ్నం భోజనానికి విప్పేదాన్ని. తిన్నాక మళ్ళీ పెట్టడం ఇద్దరికీ ప్రాణసంకటంగా ఉండేది. మూడో రోజునుంచి మార్త సగమే తినడం మొదలుపెట్టి, "మీ నటన పిచ్చి నా కడుపు మీదికొచ్చిందండీ," అని సాధించింది. 

ఈ ఏడు వేసవిలో ఆ సినిమాను విజయవాడలో ఒక ఆడిటోరియంలో వేశారు. హాలు నిండలేదు గాని వచ్చినవాళ్ళు లేచి వెళ్ళలేదు. తెరమీద మార్త చెయ్యి సగంలో ఆగినప్పుడు నా వెనక వరసలో ఒకావిడ పక్కావిడతో "మా అమ్మమ్మ ఇట్టాగే కూర్చునేదంట" అంది. నేను వెనక్కి తిరిగి ఆ జాకెట్టు కుట్టించింది నేనేనని చెప్పబోయాను. మార్త నా చెయ్యి పట్టుకుని కుర్చీలోకి లాగింది.

సినిమా అయ్యాక వేదికమీదికి పిలిచారు. కళ్ళజోడు పెట్టుకున్న ఒక పెద్దమనిషి మైకు పట్టుకుని, ఆ బిగుతు జాకెట్టు గురించి చాలాసేపు మాట్లాడాడు. పరాయి దేహం, పరాయి జ్ఞాపకం, ఇంకా ఏవేవో అన్నాడు. చివరికి "ఈ ఆలోచన మీకు ఎలా వచ్చిందో చెప్పండి" అని మైకు నాకిచ్చాడు.

పక్కన మార్త కొత్త పట్టుచీరలో కూర్చుని, ఏం చెబుతానా అని చూస్తోంది. ఇంక ఆమె ముందు అనుభవం అనీ అదనీ చెప్పడానికి నోరు రాలేదు.

"ఆలోచన కాదండీ. వేషం నాకే ఇస్తారనుకుని నా కొలతలకి కుట్టించుకున్నాను. అవీ పాత కొలతలు. ఈవిడకి పట్టలేదు. అంతే," అన్నాను.

హాలంతా గొల్లున నవ్వింది. తర్వాత చప్పట్లు. పెద్దమనిషి కళ్ళజోడు తుడుచుకుంటూ "ఎంత వినయం, ఎంత హాస్యం!" అన్నాడు. నేను ఇంకోసారి నిజం చెప్పాను. ఇంకోసారి చప్పట్లు కొట్టారు. నిజం చెప్పినా నమ్మరంటే నా నటన ఎలాంటిదో మీరే ఊహించుకోండి.

ఆ తర్వాత మార్తకి ఇంకో సినిమాలో పిలుపు వచ్చింది. అది అయ్యేలోగా ఇంకోటి. మార్తకి ఫోనులో మాట్లాడటం చిరాకు, అవతలివాళ్ళు "నెమ్మదిగా మాట్లాడండి" అంటారట. అందుకని ఫోన్లు నా దగ్గరికే వస్తాయి. నిన్న మధ్యాహ్నం కూడా హైదరాబాదు నుంచి ఒకతను చేశాడు. మార్త మిషను దగ్గర కూర్చుని కూచిపూడి వాళ్ళ డ్రస్సుకి జరీ అంచు కుడుతోంది, నేను దారం తెంపి ఇస్తున్నాను.

"మార్తగారు ఈ నెల ఖాళీ లేరండీ. కూచిపూడి వాళ్ళ ప్రోగ్రాం ఉంది," అన్నాను.

"వచ్చే నెలైనా పర్లేదండీ. అమ్మమ్మ పాత్ర, నాలుగు సీన్లు. మాట్లాడేది ఎవరండీ? వాళ్ళమ్మాయా?"

"ఆవిడ బట్టలు చూసేదాన్నండీ," అన్నాను. "ముందు ఒక సంగతి చెప్పండి. ఆ అమ్మమ్మ ఏ ఊరిది? ఉన్నవాళ్ళా, లేనివాళ్ళా? జాకెట్టు చేతులు ఎక్కడిదాకా ఉండాలి?"

అవతలతను వాటి గురించి ఇంకా ఏమీ అనుకోలేదన్నాడు. అయితే అనుకుని ఫోను చెయ్యండి అని పెట్టేశాను.